యెదీద్యా: బైబిలులో ఒక్కసారే వినిపించిన పేరు

ఇంట్లో మగబిడ్డ పుట్టాడనగానే విశ్వాసుల కుటుంబాల్లో పేరు కోసం వెదుకులాట మొదలవుతుంది. బైబిలు తిరగేస్తాం, ఇంటి పెద్దలను అడుగుతాం, సంఘకాపరి సలహా తీసుకుంటాం. దావీదు, దానియేలు, సమూయేలు, పౌలు వంటి పేర్లు ప్రతి సంఘంలోనూ నలుగురైదుగురికి ఉంటాయి గనుక ‘ఎవరూ పెట్టుకోని పేరు ఏదైనా చెప్పండి పాస్టరుగారూ’ అని అడిగే తల్లిదండ్రులు ఎక్కువయ్యారు. అలా వెదికేవారికి దొరికే అరుదైన హెబ్రీ పేర్లలో యెదీద్యా ఒకటి. ఇంగ్లిషు బైబిలులో దీన్నే జెడిడయా అంటారు. వినడానికి కొత్తగా ఉంటుంది. ‘యెహోవాకు ప్రియుడు’ అని దాని అర్థం తెలియగానే అమ్మానాన్నలకు మరింత నచ్చుతుంది.

అయితే ఈ పేరు మొదట ఎవరికి పెట్టారు, ఎటువంటి ఇంట్లో పెట్టారు అన్న సంగతి చాలామంది గమనించరు. బైబిలు మొత్తంలో ఈ పేరు ఒకే ఒక్కచోట, 2 సమూయేలు 12:25లో కనిపిస్తుంది. పెట్టినవాడు తండ్రి కాదు, తాత కాదు, సాక్షాత్తు దేవుడే. పెట్టిన ఇల్లు మాత్రం ఊరంతా మెచ్చుకునే ఇల్లు కాదు. వ్యభిచారం, హత్య, అబద్ధం, పసిబిడ్డ మరణం వరుసగా జరిగిన ఇల్లు. అటువంటి ఇంట్లో పుట్టిన బిడ్డకు దేవుడు ఇంత ప్రేమ నిండిన పేరు ఎందుకు పెట్టాడో ఈ వారం మనం ధ్యానిద్దాం.

పేరులోని అక్షరాలు

కీర్తనల గ్రంథంలో 119వ కీర్తన చదివేటప్పుడు ఒక్కొక్క భాగం పైన ఆలెఫ్, బేత్, గీమెల్ అనే మాటలు చూస్తాం. అవి హెబ్రీ అక్షరాల పేర్లు. ఆ అక్షరాలతోనే చూస్తే యెదీద్యా అనే పేరులో ఆరు అక్షరాలున్నాయి: యోద్, దాలెత్, యోద్, దాలెత్, యోద్, హే. ఇందులో రెండు మాటలు కలిసి ఉన్నాయి. ‘యెదీద్’ అంటే ప్రియుడు, ప్రాణస్నేహితుడు. చివరనున్న ‘యా’ యెహోవా నామానికి సంక్షిప్త రూపం. హల్లెలూయా అనే మాట చివర మనం నిత్యం పలికేదీ అదే. రెండూ కలిస్తే యెహోవాకు ప్రియమైనవాడు.

మన తెలుగు బైబిలు ఈ పేరును హెబ్రీ పలుకుకు చాలా దగ్గరగా ఉంచింది. ఇంగ్లిషువారు ‘య’ ఉండవలసిన చోట ‘జ’ పలికి జోసెఫ్, జేకబ్, జెరూసలేం అన్నట్టే దీన్నీ జెడిడయా అన్నారు. మనం యోసేపు, యాకోబు, యెరూషలేము అన్నట్టే యెదీద్యా అంటున్నాం. కనుక ఈ పేరు పెట్టుకునే తెలుగు కుటుంబాలు ఇంగ్లిషు ఉచ్చారణ కోసం వెదుక్కోనవసరం లేదు. మన బైబిలులో ఉన్నదే మూలానికి దగ్గర.

మరొక విశేషం కూడా ఉంది. దావీదు అనే పేరుకు కూడా ప్రియుడు అనే అర్థాన్నే పండితులు చెబుతారు. అంటే ప్రియుడైన తండ్రికి పుట్టిన కుమారుడికి దేవుడు తన ప్రియుడని పేరు పెట్టాడు. ఆ కుమారుణ్ణి లోకం యెదీద్యాగా కాక సొలొమోనుగా ఎరుగుతుంది.

ఆ ఇంట్లో జరిగినది

కథ మనందరికీ తెలిసిందే. యుద్ధకాలంలో సైన్యం అమ్మోనీయుల పట్టణమైన రబ్బాను ముట్టడిస్తుండగా దావీదు యెరూషలేములో ఉండిపోయాడు. ఊరియా భార్య బత్షెబను చూశాడు, మనుషులను పంపి తెప్పించుకున్నాడు. ఆమె గర్భవతి అయ్యింది. ఆ తప్పును దాచడానికి ఊరియాను ఇంటికి పంపాలని చూశాడు. తోటి సైనికులు యుద్ధభూమిలో ఉండగా ఊరియా తన ఇంటి గడప తొక్కలేదు. చివరికి అతని మరణశాసనాన్ని అతని చేతికే ఇచ్చి యోవాబు దగ్గరకు పంపాడు రాజు. ఊరియా చనిపోయాడు. దావీదు బత్షెబను భార్యగా చేసుకున్నాడు.

అప్పుడు నాతాను ప్రవక్త వచ్చాడు. బీదవాడి ఒక్కగానొక్క గొఱ్ఱెపిల్లను లాక్కున్న ధనవంతుడి కథ చెప్పి, ఆ మనిషివి నువ్వేనని రాజు ముఖం మీదే అన్నాడు. ఇక్కడ ఒకటి గుర్తుంచుకోవాలి. నాతాను దోషిగా నిలబెట్టింది దావీదును. బత్షెబను కాదు. దావీదు తన పాపం ఒప్పుకున్నాడు. దేవుడు క్షమించాడు. అయినా పుట్టిన బిడ్డ జబ్బుపడ్డాడు. దావీదు ఉపవాసముండి నేలమీద పడి ప్రార్థించాడు. ఏడవ రోజున బిడ్డ చనిపోయాడు. తండ్రి లేచి, స్నానం చేసి, మందిరానికి వెళ్ళి ఆరాధించాడు. తాను వాడి దగ్గరకు వెళ్తానే గాని వాడు తన దగ్గరకు తిరిగి రాడని చెప్పుకున్నాడు (2 సమూ. 12:23).

ఆ తర్వాత దావీదు బత్షెబను ఓదార్చాడు. మరొక కుమారుడు పుట్టాడు. ఇంట్లో అతనికి సొలొమోను అనే పేరు పెట్టారు. ఇక్కడ హెబ్రీ ప్రతుల్లో ఒక చిన్న సంగతి ఉంది. వ్రాసిన అక్షరాల ప్రకారం పేరు పెట్టినవాడు తండ్రి. సంప్రదాయంగా చదివే పద్ధతి ప్రకారం పెట్టినది తల్లి. సొలొమోను అనే పేరుకు సమాధానం, నెమ్మది అనే అర్థాన్ని 1 దినవృత్తాంతములు 22:9 చెబుతోంది. అదే మూలం నుంచి ‘లోటు తీర్చినవాడు’ అనే అర్థం కూడా వస్తుందని, పోయిన బిడ్డకు బదులుగా వచ్చినవాడని తల్లిదండ్రులు భావించి ఉండవచ్చని కొందరు పండితులు అంటారు.

సరిగ్గా అప్పుడే నాతాను మళ్ళీ వచ్చాడు. ప్రవక్త గుమ్మంలో కనబడగానే ఆ ఇంట్లో ఎంత భయం కలిగి ఉంటుందో ఆలోచించండి. క్రితంసారి అతడు తెచ్చినది తీర్పు. ఈసారి ఏం తెచ్చాడో! అతడు తెచ్చినది ఒక పేరు. యెహోవా ఈ బిడ్డను ప్రేమించాడు గనుక యెదీద్యా అని పిలవమన్నాడు. తీర్పు చెప్పిన నోటితోనే దేవుడు ప్రేమను చెప్పించాడు. వేరొక ప్రవక్తను పంపి ఉంటే దావీదుకు ఆ మాట మీద అంత నమ్మకం కుదిరేది కాదేమో. తన పాపమంతా తెలిసిన మనిషే ఈ మాట తెచ్చాడు.

పుల్లయ్యలు, పెంటయ్యలు

మన తెలుగు పల్లెల్లో పుట్టిన బిడ్డలు దక్కకుండా పోతుంటే, ఆ తర్వాత పుట్టిన బిడ్డకు ఏ పేరు పెట్టేవారో పెద్దలకు తెలుసు. బిడ్డను పెంటకుప్ప మీద ఉంచి తెచ్చుకుని పెంటయ్య అనేవారు. ఎంగిలి విస్తళ్ళ మీద దొర్లించి పుల్లయ్య, పుల్లమ్మ అనేవారు. బిచ్చమెత్తి తెచ్చుకున్నట్టుగా భిక్షమయ్య అనేవారు. ఎవరికీ అక్కరలేని బిడ్డ అనుకుని మృత్యువు వీణ్ణి వదిలేస్తుందని ఆ తల్లుల ఆశ. ఆ పేర్ల వెనుక ఉన్నది చిన్నచూపు కాదు, కడుపుకోత. వాటిని చూసి నవ్వడం తగదు.

ఒక బిడ్డను పాతిపెట్టిన ఇంట్లో పుట్టిన రెండవ బిడ్డ సొలొమోను. లోకరీతిగా అయితే ఆ తల్లి కూడా బిడ్డను ఎవరి కంటా పడకుండా దాచుకోవలసినదే. కాని దేవుడు ఆ బిడ్డను దాచమనలేదు. వీడు నాకు ప్రియుడని బహిరంగంగా పేరు పెట్టాడు. మృత్యువును ఏమార్చవలసిన అవసరం ఆ తల్లికి లేకుండా చేశాడు.

మొదటి బిడ్డ ఎందుకు చనిపోవాలన్న ప్రశ్న చదివే ప్రతివారికీ కలుగుతుంది. తప్పు తండ్రిది కదా! దేవుడు దావీదుకు చెప్పిన తీర్పు ఆ ఇంటికి, ఆ సందర్భానికి ప్రవక్త ద్వారా వచ్చినది. దాన్ని తీసుకుని బిడ్డను పోగొట్టుకున్న ప్రతి తల్లి దగ్గరకూ వెళ్ళి ‘మీరేదో పాపం చేసి ఉంటారు’ అనే అధికారం మనకెవరికీ లేదు. సంఘాల్లో అటువంటి మాటలు అనేవారున్నారు. చావుబాధ కంటే ఆ మాటల బాధే ఎక్కువైందని కన్నీరు పెట్టే తల్లులూ ఉన్నారు. పుట్టు గ్రుడ్డివాణ్ణి చూపించి పాపం ఎవరిదని శిష్యులు అడిగినప్పుడు, వాడూ కాదు వాడి కన్నవారూ కాదని ప్రభువు స్పష్టంగా చెప్పాడు (యోహాను 9:3). తండ్రి దోషాన్ని కుమారుడు మోయడని యెహెజ్కేలు 18వ అధ్యాయం చెబుతోంది. సొలొమోను ఊయలలో ఉండగా దేవుడు పెట్టిన పేరు కూడా ఆ మాటే చెబుతోంది.

మరి ఊరియా సంగతి?

ఇక్కడ న్యాయంగా వచ్చే మరొక ప్రశ్న ఉంది. దావీదుకు క్షమాపణ దొరికింది, బిడ్డ దొరికాడు, బిడ్డకు దేవుడు పెట్టిన పేరు దొరికింది. చచ్చిపోయిన ఊరియాకు ఏం దొరికింది? కృప అంటే అన్యాయానికి గురైనవాణ్ణి మరచిపోవడమేనా?

లేఖనం అతన్ని మరచిపోలేదు. ఊరియా హిత్తీయుడు, అన్యజనుడు. అయినా అతని పేరుకు యెహోవా నా వెలుగు అని అర్థం. దావీదు పరాక్రమశాలుల జాబితా 2 సమూయేలు 23లో ఉంది. ఆ 37 మందిలో చిట్టచివర, అందరూ చదివి గుర్తుపెట్టుకునే చోట, ఊరియా పేరు ఉంది. దావీదు బ్రతుకంతా యథార్థంగా నడిచాడని మెచ్చుకుంటూనే ఊరియా సంగతిలో తప్ప అని 1 రాజులు 15:5 మినహాయింపు పెట్టింది. వెయ్యేళ్ళ తర్వాత మత్తయి యేసుక్రీస్తు వంశావళి వ్రాసినప్పుడు సొలొమోను తల్లిని బత్షెబ అనలేదు, ఊరియాకు భార్యగా ఉండినది అన్నాడు (మత్తయి 1:6). యెదీద్యా పుట్టుకను చెప్పిన ప్రతిసారీ ఊరియా పేరు చెప్పవలసిందే.

దేవుడు పాపాన్ని క్షమించాడు గాని జరిగిన అన్యాయాన్ని కొట్టివేసి చరిత్ర తిరగరాయలేదు. దావీదు ఇంటిని ఖడ్గం విడువలేదు. అమ్నోను, అబ్షాలోము, అదోనీయా కత్తికో బాణానికో బలయ్యారు. పశ్చాత్తాపపడ్డాను కాబట్టి బాధితులు ఇక నోరెత్తకూడదని పట్టుబట్టేవారు ఈ భాగాన్ని శ్రద్ధగా చదవాలి.

ప్రియులందరూ కలిసిన చోటు

యెదీద్ అనే మాట పాత నిబంధనలో చాలా తక్కువసార్లు వస్తుంది. వచ్చిన ప్రతిచోటా విలువైన సంగతే ఉంటుంది. మోషే మరణానికి ముందు బెన్యామీను గోత్రాన్ని దీవిస్తూ అతన్ని యెహోవాకు ప్రియుడన్నాడు (ద్వితీ. 33:12). యెషయా 5వ అధ్యాయంలో ద్రాక్షతోట పాటలో ప్రవక్త దేవుణ్ణే తన ప్రియుడంటాడు. 84వ కీర్తన మొదటి వచనంలో దేవుని నివాసాలు ఎంత రమ్యమైనవో చెప్పే మాట కూడా ఈ మూలం నుంచి వచ్చినదే. యిర్మీయా 12:7లో దేవుడు తన ప్రజలను తన ప్రాణప్రియమైనదిగా చెప్పుకున్నాడు.

పూర్వకాలపు యూదు బోధకులు ఈ వచనాలన్నీ ఒకచోట చేర్చి ఒక చక్కని సంగతి చెప్పారు. అది తల్మూదులో ఉంది. అబ్రాహాము అనే ప్రియునికి సంతానమైన సొలొమోను అనే ప్రియుడు, బెన్యామీను అనే ప్రియుని వాటాలో, ప్రియుడైన దేవునికి, ప్రియమైన మందిరాన్ని కట్టాలి, ప్రియులైన ఇశ్రాయేలీయులకు అక్కడ ప్రాయశ్చిత్తం దొరకాలి అని వారి భావం. యెహోషువ 18:28 చూస్తే యెరూషలేము బెన్యామీను పట్టణాల జాబితాలోనే ఉంది. చేతులకు రక్తం అంటినందున దావీదు కట్టలేకపోయిన మందిరాన్ని, ఆ పాపం జరిగిన ఇంట్లోనే పుట్టిన యెదీద్యా కట్టాడు.

127వ కీర్తన శీర్షికలో సొలొమోను పేరు ఉంది. యెహోవా కట్టించని ఇల్లు వ్యర్థమని మొదలయ్యే కీర్తన అది. రెండవ వచనంలో ప్రియునికి నిద్రలో దేవుడిచ్చే దీవెన గురించిన మాట వస్తుంది. హెబ్రీలో అక్కడున్నది ఏకవచనం, ‘యెదీదో’, అంటే తన ప్రియుడు. సొలొమోను రెండవ పేరు ఆ మాటలో వినబడుతోందని వ్యాఖ్యాతలు గుర్తించారు. గిబియోనులో సొలొమోను నిద్రపోతుండగానే కదా దేవుడు కలలో కనబడి జ్ఞానం ఇచ్చాడు (1 రాజులు 3:5-15)! రాత్రింబగళ్ళు కష్టపడితేనే గాని దేవుని ప్రేమ దక్కదనుకునేవారికి ఈ కీర్తన ఎంతో ఆదరణ.

పేరు కాపాడుతుందా?

మంచి పేరు పెడితే బిడ్డ మంచివాడవుతాడని మనలో చాలామంది నమ్ముతారు. అక్షరాలు లెక్కపెట్టి, కూడి, ఇంగ్లిషు స్పెల్లింగు మార్చి అదృష్టం రాబట్టుకోవాలనే పిచ్చి కొన్ని విశ్వాసుల ఇళ్ళలోకి కూడా వచ్చింది. అటువంటివారు సొలొమోను చరిత్ర చివరి వరకు చదవాలి. దేవుడే స్వయంగా పెట్టిన పేరు కంటే మంచి పేరు లోకంలో ఉండదు. అది కూడా అతన్ని పడిపోకుండా ఆపలేదు.

ప్రేమించడం అనే మాట అతని జీవితంలో మూడుసార్లు ముఖ్యంగా కనిపిస్తుంది. పుట్టినప్పుడు యెహోవా అతన్ని ప్రేమించాడు. రాజైన కొత్తలో అతడు యెహోవాను ప్రేమించాడు (1 రాజులు 3:3). చివరికి అనేకమంది పరదేశ స్త్రీలను ప్రేమించాడు (1 రాజులు 11:1). 700 మంది భార్యలు, 300 మంది ఉపపత్నులు అతని హృదయాన్ని త్రిప్పివేశారు. అష్తారోతుకు, కెమోషుకు, మిల్కోముకు యెరూషలేము ఎదుటి కొండమీద బలిపీఠాలు లేచాయి. దాదాపు అయిదు వందల ఏళ్ళ తర్వాత నెహెమ్యా తన ప్రజలను హెచ్చరిస్తూ, సొలొమోను తన దేవునికి ప్రియుడై ఉండి కూడా పాపంలో పడ్డాడని గుర్తుచేశాడు (నెహెమ్యా 13:26). ప్రేమించబడడం వేరు, ఆ ప్రేమలో నిలిచి ఉండడం వేరు.

ఇక్కడ మరొక పేరు మనకు తోడుపడుతుంది. సొలొమోను తర్వాత సుమారు 300 ఏళ్ళకు యూదా రాజైన ఆమోనును అతని సేవకులే నగరులో చంపారు. అప్పటికి అతని కుమారుడు యోషీయాకు ఎనిమిదేళ్ళు. ఆ బాలుణ్ణే సింహాసనమెక్కించారు. అతని తల్లి పేరు యెదీదా, బొస్కతు ఊరివాడైన అదాయా కుమార్తె (2 రాజులు 22:1). యెదీద్యా పేరులోని మాటే ఇక్కడ స్త్రీ పేరుగా వచ్చింది. ఆమెను గూర్చి లేఖనం ఇంతకంటే ఏమీ చెప్పదు. చుట్టూ విగ్రహాలు, భర్త దుర్మార్గుడు, చేతిలో ఎనిమిదేళ్ళ బిడ్డ. ఆ బిడ్డ 16 ఏళ్ళ వయసులో దేవుణ్ణి వెదకడం మొదలుపెట్టాడు. తన ఏలుబడి 18వ ఏట ధర్మశాస్త్ర గ్రంథం దొరికినప్పుడు బట్టలు చింపుకున్నాడు. దేశమంతా శుద్ధి చేశాడు. అతడు పాడుచేసిన ఉన్నత స్థలాల్లో సొలొమోను కట్టించినవి కూడా ఉన్నాయని 2 రాజులు 23:13 పేరుపెట్టి చెబుతోంది. యెదీద్యా లేపిన విగ్రహస్థలాలను యెదీదా కొడుకు పడగొట్టాడు.

తర్వాతి కాలంలో ఈ పేరు

సొలొమోనుకు ఈ పేరు పెట్టారే గాని ఆ పేరుతో అతన్ని ఎవరైనా పిలిచినట్టు బైబిలులో ఎక్కడా లేదు. సొలొమోను అనేది సింహాసనపు పేరు, యెదీద్యా అనేది ఇంటి పేరు వంటిదని కొందరు, కాదు యెదీద్యాయే రాజుగా అతనికున్న పేరని మరికొందరు ఊహించారు. ఏమైనా, తర్వాతి యూదులు ఈ పేరును మరువలేదు. క్రీస్తు కాలంలో అలెగ్జాండ్రియాలో జీవించిన యూదు తత్వవేత్త ఫైలోను 16వ శతాబ్దంలో ఇటలీ యూదు పండితుడు అజర్యా దె రోస్సీ హెబ్రీలో యెదీద్యా అనే పేరుతోనే పరిచయం చేశాడు. ఇటలీలోని మంటువాలో యెదీద్యా సొలొమోను నోర్జీ అనే మరొక రబ్బీ ఉండేవాడు. దావీదు కుమారుడి పేర్లు రెండూ ఆయనకు ఉన్నాయి. ఆయన పాత చేతివ్రాత ప్రతులను పోల్చి, హెబ్రీ బైబిలు పాఠాన్ని అక్షరమక్షరం, పొల్లుతో సహా సరిచూశాడు. 1626లో ఆ పని ముగిసింది. అది అచ్చయింది మాత్రం 1742-44లో, ఆయన పోయిన చాలా ఏళ్ళకు.

సంస్కరణోద్యమం తర్వాత ఇంగ్లండులో బైబిలు సామాన్యుల చేతికి వచ్చింది. ప్యూరిటన్లు, వారి తర్వాతి ప్రొటెస్టెంటులు పాత నిబంధన పేర్లను పిల్లలకు పెట్టుకోసాగారు. అలా ఈ పేరు ఇంగ్లిషు పల్లెల్లోకి, అక్కడినుంచి అమెరికాకు వెళ్ళింది. ఇంగ్లండులో డర్బీషైరుకు చెందిన జెడిడయా బక్స్‌టన్ (1707-1772) చదువు రాని కూలీ. తన పేరు తాను వ్రాసుకోలేడు. కాని ఎంత పెద్ద లెక్కనైనా మనసులోనే చేసేవాడు. 1754లో లండన్ వెళ్ళినప్పుడు రాయల్ సొసైటీ పండితులు అతన్ని పరీక్షించారు. నాటకానికి తీసుకువెళ్తే కథ పట్టించుకోకుండా నటుడు పలికిన మాటలు లెక్కపెడుతూ కూర్చున్నాడట!

అమెరికాలో కనెక్టికట్ రాష్ట్రంలో 1761లో పుట్టిన జెడిడయా మోర్స్ సంఘకాపరి. 1789 నుంచి సుమారు 30 ఏళ్ళు చార్లెస్‌టౌన్ సంఘానికి సేవ చేశాడు. పిల్లలకు భూగోళ పుస్తకం లేదని చూసి 1784లో ఒకటి తయారుచేశాడు. అమెరికా భూగోళ శాస్త్రానికి తండ్రి అనే పేరు సంపాదించాడు. ఆయన కుమారుడే టెలిగ్రాఫుకు, మోర్స్ కోడ్‌కు పేరుపొందిన శామ్యూల్ మోర్స్. 1844 మే 24న వాషింగ్టన్ నుంచి బాల్టిమోరుకు పంపిన ప్రసిద్ధ తంతి సందేశం సంఖ్యాకాండము 23:23లోని మాట. దేవుడు చేసిన కార్యాన్ని చూసి ఆశ్చర్యపడే మాట అది. జెడిడయా స్మిత్ (1799-1831) అనే మరొకడు మెథడిస్టు కుటుంబీకుడు. 1826లో మొహావీ ఎడారి దాటి కాలిఫోర్నియా చేరిన అన్వేషకుడు. ఎలుగుబంటి దాడిలో ఊడిపోయిన చెవిని తోటివాడి చేత కుట్టించుకుని ప్రయాణం సాగించాడు. 32 ఏళ్ళకే ఆదివాసుల చేతిలో మరణించాడు.

వీరిలో కాపరి ఉన్నాడు, కూలీ ఉన్నాడు, పండితుడు, బాటసారి ఉన్నారు. అందరి తల్లిదండ్రులూ ఊయల దగ్గర పలికినది ఒకే మాట. నువ్వు దేవునికి ప్రియుడివి.

మన తెలుగు సంఘాల్లో ఇటువంటి అర్థాలను తెలుగు పేర్లలోనే పెట్టుకునే మంచి అలవాటు కూడా ఉంది. నతనయేలు పేరులోని అర్థం దేవదానంలో ఉంది. అజర్యా పేరులోని అర్థం దేవసహాయంలో ఉంది. డోర్నకల్‌లో 1912 నుంచి సేవచేసిన తొలి భారతీయ ఆంగ్లికన్ బిషప్ వి.ఎస్. అజర్యా పేరుకు యెహోవా సహాయం చేశాడని అర్థం. ఆ వరుసలో చూస్తే యెదీద్యాకు తెలుగులో దేవప్రియుడనే మాట సరిగ్గా సరిపోతుంది.

ప్రియునిలో మనకు దొరికిన పేరు

క్రీస్తుకు పూర్వమే పాత నిబంధనను గ్రీకులోకి అనువదించినవారు బెన్యామీను దీవెనలో యెదీద్ అనే మాట దగ్గర ‘ఏగపేమెనోస్’ అనే గ్రీకు మాట వాడారు. ప్రేమింపబడినవాడు అని దాని అర్థం. అపొస్తలుడైన పౌలు ఎఫెసీయులకు వ్రాస్తూ దేవుడు మనకు కృపను ఉచితంగా ఇచ్చింది ఆ ప్రియునియందే అన్నాడు (ఎఫెసీ 1:6). అక్కడ ఆయన వాడినదీ ఆ మాటే. యొర్దాను దగ్గర బాప్తిస్మం పొందిన వేళ ఆకాశం నుంచి వచ్చిన స్వరం యేసును ప్రియకుమారుడని పిలిచింది. అప్పటికి ఆయన ఇంకా ఒక్క అద్భుతమూ చేయలేదు, ఒక్క ప్రసంగమూ చేయలేదు. ఊయలలోని సొలొమోను కూడా ఏమీ చేయకముందే ప్రియుడని పిలిపించుకున్నాడు.

తేడా ఎక్కడంటే, సొలొమోను ఆ ప్రేమలో నిలవలేకపోయాడు. సొలొమోను కంటే గొప్పవాడైన ప్రభువు సిలువ మరణం వరకు తండ్రికి విధేయుడై నిలిచాడు. కాబట్టి మన పేరు ఏదైనా, మన ఇంటి చరిత్ర ఏదైనా, ఆ ప్రియునియందు విశ్వాసముంచినవారిని దేవుడు తన ప్రియులుగానే చూస్తాడు. జయించినవానికి తెల్లరాతిమీద వ్రాసిన కొత్త పేరు ఇస్తానని ప్రభువు వాగ్దానం చేశాడు (ప్రకటన 2:17). పొందినవాడికి తప్ప అది మరెవరికీ తెలియదట. సొలొమోను రెండవ పేరు కూడా దాదాపు అటువంటిదే.

విశ్వాసులైన తల్లిదండ్రులారా, మీ కుమారుడికి యెదీద్యా అని పేరు పెట్టదలచుకుంటే సంతోషంగా పెట్టండి. వాడికి ఊహ తెలిశాక ఈ కథంతా, ఊరియాతో సహా, చెప్పండి. వాడు పరీక్షలో మొదటివాడుగా వచ్చిన రోజునా, తప్పిపోయిన రోజునా అదే పేరుతో, అదే గొంతుతో పిలవండి. ప్రియుడా అని పేరు పెట్టి, మార్కులు తగ్గగానే పనికిమాలినవాడా అని పిలిస్తే దేవుడు ఇచ్చిన పేరు మన నోటనే పోతుంది.

సంఘంలో కొందరు బిడ్డలు ఉన్నారు. తండ్రి జైలులో ఉన్నవారు, తల్లిదండ్రులు విడిపోయినవారు, ‘ఫలానావాడి కొడుకా?’ అని గుసగుసలు వినేవారు. ఆదివారపు బడిలో వెనుక బల్లమీద కూర్చుంటారు. వారి ఇంటి సంగతి మనకు తెలుసునని వారికీ తెలుసు. ఊరియా ఇంటి సంగతంతా తెలిసిన నాతానునే దేవుడు ఆ పేరుతో పంపాడు కదా! ఈ ఆదివారం ఆ బిడ్డల దగ్గరకు మనం వెళ్దాం. ముందు బల్లమీదికి పిలిచి కూర్చోబెడదాం. దేవునికి వారు ప్రియులని మన నోటితో చెబుదాం. ప్రభువు మనకు ఆ మనసు దయచేయును గాక. ఆమేన్.